చీటీలో ఐదో అక్క

థియా వాళ్లింట్లో పుట్టిన వరుసలో ఆరోది కాబట్టి కాయ్ సే బజారు మొత్తానికీ ఆమె ఆరో అక్క. కాగితం మీద ఆమె పేరేమిటో సగం మందికి తెలియదు. తెలుసుకోవాల్సిన అవసరమూ ఎవరికీ పడలేదు, పోలీసులు వచ్చేదాకా.

ఆమెకు అరవై రెండేళ్లు. పెళ్లి కాలేదు. ఎందుకు కాలేదని అడిగే తరం కూడా పోయింది. కాలువ గట్టున ఒక్క గది ఇల్లు. తెల్లవారకముందే జిగురన్నం వండి, కొబ్బరి కోరు చల్లి, అరటాకు పొట్లాలు కట్టి బజారు మొదట్లో కూర్చుంటుంది. ఎనిమిదింటికల్లా గిన్నె ఖాళీ అయిపోతుంది. ఆ తర్వాత రోజంతా మిగిలే ఉంటుంది, అసలు బాధ అదే. ఎంత తుడిచినా ఒక్క గది ఎంతసేపు తుడుస్తుంది మనిషి?

ఆమెకు స్నేహితురాలంటూ ఉన్నది ఒక్కతే, బట్టల కొట్టు లువా. వాళ్లింట్లో ఎనిమిదోది. నవ్వు మొహం, చెయ్యి ధారాళం, నోరు ఇంకా ధారాళం. నెలకోసారి చీటీ పాట పెట్టేది. ముప్పై ఆరు మంది, తలా ఇరవై లక్షల డాంగ్‌లు, మన లెక్కలో ఆరు వేల పైచిలుకు. వార్డు ఆఫీసులో ఎవరికీ చెప్పని చీటీ, రాతకోతలంటే లువా దగ్గరున్న పాత నోటు పుస్తకమే. పాట అయ్యాక లువా ఇంట్లో అందరికీ భోజనం. పుల్లటి చేపల పులుసు, పక్కన పచ్చి ఆకుకూరలు, మాటలు, ఎగతాళి. నిజం చెప్పాలంటే థియా చీటీ కట్టింది డబ్బు కోసం కాదు, ఆ భోజనం కోసం. నెలకు ఒక్కరోజు పదిమందిలో కూర్చుని తినేది. మిగతా ఇరవై తొమ్మిది రోజులు గోడకేసి చూస్తూ తినేది.

ఇంకొక భోజనం కూడా ఉండేది, అది ఏడాదికోసారి. థియా కంటే రెండేళ్లు పెద్దది ఒక అక్క ఉండేది, లాయ్, ఐదోది. తొమ్మిదేళ్లప్పుడు వరద నెలల్లో కాలువలో పడి పోయింది. యుద్ధం రోజులు. పుట్టినప్పుడు కాగితం లేదు, పోయినప్పుడూ కాగితం లేదు. పాతిపెట్టిన చోటు మీదుగా తర్వాత కరకట్ట వేశారు. చిన్నపిల్లల తద్దినాలకు ఊళ్లో ఎవరినీ పిలవరు గనక థియా ఒక్కతే ఏటా వండి పెట్టుకునేది. ఒక ఏడు మాటల్లో లువాకు చెప్పింది. ఆ ఏడు నుంచి లువా ప్రతి ఏటా ఒక అరటి అత్తం పట్టుకుని వచ్చేది. అగరుబత్తి వెలిగించి, దండం పెట్టుకుని, థియాతో పాటు కూర్చుని తిని, వెళ్తూ తన వాటా పొట్లం కట్టించుకుని వెళ్లేది. లాయ్ అనే ఒక పిల్ల భూమ్మీద బతికి పోయిందని థియా కాక తెలిసిన మనిషి లువా ఒక్కతే.

అలాంటి లువా ఆ పని ఎందుకు చేసిందో ఆ దేవుడికే తెలియాలి.

ఒకరోజు పొద్దున్న చేపలమ్మే సుయెన్ పొట్లం కోసం వచ్చింది. ఆమె మూడోది, గొంతు బజారు ఆ చివరకు వినిపిస్తుంది. డబ్బులిస్తూ అంది.

"మీ ఐదో అక్క అదృష్టవంతురాలే ఆరో అక్కా. చీటీలో చేరీ చేరగానే పాట కొట్టేసింది. కా మావ్‌లో రొయ్యల చెరువులటగా, మళ్లీ ఈ డబ్బు కూడానా? ఒంట్లో బాగుంటోందా మరి?"

థియా చెయ్యి గిన్నెలోనే ఆగిపోయింది. ఐదో అక్కా? కా మావా? లువాయే ఏదో చెప్పి ఉంటుందని ఆమెకు వెంటనే తట్టింది. ఎందుకు చెప్పిందో తెలియదు. అలాంటి అక్క లేదని పదిమందిలో చెబితే లువా మాట పోతుంది. అందుకని అంది, "బాగానే ఉంది."

అంతే. రెండు మాటలు. కొంప ముంచడానికి అంతకంటే ఎక్కువ అక్కర్లేదు.

సుయెన్‌ను తప్పుపట్టడానికీ లేదు. ఆరోది కళ్లెదుట ఉంటే ఐదోది ఎక్కడో ఉన్నట్టే కదా. పుట్టిన అంకెతోనే పిలుచుకునే ఆ దేశంలో పిల్ల పోయినా అంకె పోదు, తర్వాతి వాళ్లు ముందుకు జరగరు. కానీ ఆ అంకెకు మనిషి ఇంకా ఉన్నారా అని ఎవరూ అడగరు, అడగడం అశుభం. లువా ఆ ఖాళీ అంకెను తీసి నోటు పుస్తకంలో రాసుకుంది. 'ఐదో లాయ్, ఆరో అక్కకు అక్క, కా మావ్.' వరుస కుదిరింది గనక బజారంతా నమ్మేసింది.

థియా లువాను అడగలేదు. అడిగితే లువా ఏదో ఒకటి చెబుతుంది. చెప్పాక నమ్మాలో వద్దో తేల్చుకోవాలి. తేల్చుకుంటే నెలకో భోజనం, ఏడాదికో భోజనం, ఉన్న ఒక్క స్నేహం ఏమవుతాయో. ఆమె నోరు మూసుకుంది.

తర్వాత జరిగింది ఇంకా ఘోరం. ఆ అబద్ధం ఆమెకు నచ్చింది. థియా ఎలా ఉందని బజారులో ఎవరూ ఎప్పుడూ అడిగింది లేదు. థియా వాళ్లక్క ఎలా ఉందని మాత్రం అందరూ అడిగేవాళ్లు. ఫోన్ చేసిందా, మోకాళ్ల నొప్పి తగ్గిందా, పిల్లలెంతమంది? సుయెన్ అయితే ఒకసారి ఎండు చేపలు పొట్లం కట్టిచ్చి, వెళ్లినప్పుడు మీ అక్కకు ఇవ్వమంది. థియా ఒక్కో జవాబూ ఒక్కో రోజు అల్లుకుంటూ పోయింది. ముగ్గురు పిల్లలు. పెద్దాడు పడవ నడుపుతాడు. అక్కకు మాత్రం ఇప్పటికీ కొబ్బరిపాలలో ఉడికిన అరటిపండంటే ప్రాణం. ఈ చివరి మాట ఒక్కటే నిజం.

ఆ ఏడు వరద నెలలు వచ్చాయి. థియా అరటిపళ్లు కొనడానికి బయల్దేరి, సగం దారిలో నిలబడిపోయింది. నిన్ననే ఫోన్ చేసిందని సుయెన్‌కు చెప్పిన మనిషికి ఇవాళ తద్దినం ఏమిటి? వెనక్కి తిరిగి వచ్చేసింది. ఆ రోజు లువా కూడా రాలేదు. తర్వాత కలిసినప్పుడు ఇద్దరిలో ఎవరూ ఆ మాట ఎత్తలేదు. మరుసటి ఏడూ అంతే, ఆ పైయేడూ అంతే.

చీటీ మూడో ఏట మునిగింది. లువా కొట్టుకు తాళం పడింది. ఆడవాళ్లు వెళ్లి తలుపులు బాదారు, ఏడ్చారు, చివరికి పోలీసుల దగ్గరకు వెళ్లారు. సుయెన్ డబ్బు మొగుడి కిడ్నీ వైద్యానికి దాచుకున్నది. థియాది తన శవపేటికకు దాచుకున్నది. లెక్క చూస్తే మొదటి నాలుగు పాటలూ ఎవరూ ఎన్నడూ మొహం చూడని నలుగురు కొట్టేశారు. నలుగురి తరఫునా పాట పాడింది లువాయే, ఫోన్‌లో చెప్పారని.

పోలీసులకు దొరికాక లువా ఒక్కటే మాట పట్టుకుంది. ఆ నలుగురూ డబ్బు తీసుకుని పారిపోయారు, నేనే మోసపోయాను అంది. ఆమె లాయరు ఖాయ్ అదే మాటను అందంగా చెప్పాడు. చీటీ వార్డు ఆఫీసులో చెప్పకపోవడం తప్పే, దానికి జరిమానా వేసుకోండి. మిగిలింది నష్టం, అప్పు. అప్పుకు సివిల్ కోర్టు ఉంది, జైలు లేదు.

కేసు చూస్తున్న అధికారిణి పేరు హన్. పాపం, ఆమె చెప్పులరిగేలా తిరిగింది. ఆ నలుగురికీ ఉన్నది అంకె, ముద్దుపేరు, అంతే. ఉన్న మనిషినైతే ఎక్కడున్నా వెతికి పట్టుకోవచ్చు, లేని మనిషి లేదని ఎలా రుజువు చెయ్యాలి? ముగ్గురికి ముందూ వెనకా ఎవరూ లేరు. ఐదో లాయ్‌కు మాత్రం ఒక చెల్లెలుంది, బజారు మొదట్లో జిగురన్నం అమ్ముకుంటూ.

హన్ వచ్చి అడిగిన పూట బజారంతా చుట్టూ చేరింది. సుయెన్ చేపల బుట్ట దింపి మరీ నిలబడింది. మూడేళ్లుగా అక్క ముచ్చట్లు విన్న మొహాలన్నీ తననే చూస్తుంటే థియా అక్క లేదని అనలేకపోయింది. చివరికి, "కా మావ్‌లో ఉంది. ఫోన్ నంబరు పోయింది," అని సంతకం పెట్టింది.

ఆ కాగితం ఖాయ్‌కు బంగారం అయింది. నలుగురిలో ఒక్కరు నిజమని సొంత చెల్లెలే చెప్పాక మిగతా ముగ్గురు దొంగపేర్లని ఎలా అంటారు? థియాను సాక్షిగా పిలిపించమని అతనే కోరాడు.

ఇక బజారు తీరు మారింది. మీ అక్క బాగుందా అన్న నోళ్లే ఇప్పుడు మీ దొంగ అక్క ఏ బురదలో దాక్కుంది అనసాగాయి. దానికి సిగ్గు లేదా, మా ఉసురు తగలదా అని ఒకరు. దాని చేతులు పడిపోను అని ఇంకొకరు. సుయెన్ పొట్లం కొనడం మానేసి, ఎదురుగా నిలబడి తిట్టేది.

"నా మొగుడు మంచంలో ఉన్నాడు. మీ అక్క రొయ్యలు తింటోంది. దాన్ని కుక్కలు పీక్కుతినా."

థియా తల వంచుకుని ఆకులు తుడుచుకునేది. తనను ఏమన్నా పడేది. కానీ వాళ్లు తిడుతున్నది తొమ్మిదేళ్ల పిల్లను. చిరిగిన గౌను, రెండు జడలు, ఈత రాకపోయినా చెల్లెలి చెప్పు నీళ్లలో పడిందని కాలవలోకి దిగిన పిల్లను. అవును, చెప్పు థియాదే. ఆ సంగతి ఆమె లువాకు కూడా చెప్పలేదు.

విచారణకు వారం ముందు హన్ ఇంటికి వచ్చింది. ఈసారి ఒక్కతే వచ్చి, చాప మీద కూర్చుంది. కా మావ్‌లో ఊరూరా అడిగించామని, అలాంటి మనిషి లేదని చెప్పింది.

"పిన్నీ, ముందు చెప్పింది తప్పయితే కోర్టులో దిద్దుకోవచ్చు. కానీ ఒకటి చెబుతాను, దాచను. మూడేళ్లు ఊరందరికీ చెప్పావు కదా, నువ్వూ లువా కలిసే ఆడారని ఆ లాయరు అంటాడు. నీ మీదకు కేసు రాదని నేను మాట ఇవ్వలేను."

"ఇంకా ఏమైనా పోయేది ఉందా అమ్మా నాకు?" అంది థియా. తర్వాత ఆలోచిస్తే ఉందనే అనిపించింది. కోర్టులో నిజం చెబితే లాయ్ మళ్లీ చచ్చిపోతుంది. పడవ నడిపే పెద్దాడు, రొయ్యల చెరువులు, మోకాళ్ల నొప్పి, మూడేళ్లు తోడున్న సంసారమంతా ఒక్క పూటలో మునిగిపోతుంది. చెప్పకపోతే తొమ్మిదేళ్ల పిల్ల దొంగగా మిగిలిపోతుంది. వారం రోజులు ఆమె అన్నం వండింది గానీ తినలేదు.

కోర్టు గదిలో ఫ్యాన్లు తిరుగుతున్నాయి. బజారు ఆడవాళ్లు నాలుగు బెంచీలు నిండా ఉన్నారు. బోనులో లువా సగమైపోయింది. జుట్టుకు రంగు పోయి తెల్లబడింది. థియాను చూసి పలకరింపుగా తల ఊపింది, ఎప్పటి అలవాటో.

నిజమే చెబుతానని కాగితం మీద సంతకం పెట్టించాక న్యాయమూర్తి అడిగాడు, లాయ్ ఎక్కడుందని.

"చచ్చిపోయిందయ్యా," అంది థియా. "నాకు ఏడేళ్లప్పుడు. కాలవలో."

వెనక బెంచీల్లో ఒక్కసారిగా గుసగుసలు లేచాయి. ఖాయ్ లేచాడు. అతను అరవలేదు, చాలా మర్యాదగా అడిగాడు. మరణ పత్రం ఉందా? లేదు. సమాధి? కరకట్ట కింద పోయింది. ఫోటో? లేదు. చూసినవాళ్లు? అందరూ పోయారు. మరి మూడేళ్ల పాటు అక్క ఫోన్ చేసిందని, మోకాళ్లు నొప్పులని బజారంతా చెప్పింది ఎవరు?

"నేనే."

ఎందుకని అడిగాడు.

థియాకు జవాబు తెలుసు, పదిమందిలో చెప్పడానికే సిగ్గు. "అడిగారని," అంది చివరికి. "నన్నెవరూ ఏమీ అడగరు. అక్క గురించి అడిగారు. బాగుందని చెప్పాను."

ఖాయ్ న్యాయమూర్తి వైపు తిరిగాడు. ఈ సాక్షి నిన్నొకటి, ఇవాళొకటి చెబుతోంది, పట్టుకోవడానికి కాగితం ముక్క లేదు, ఏ మాట నమ్మాలి అన్నాడు. అతను చెప్పింది న్యాయంగానే ఉంది. హన్ తల వంచుకుంది.

లాయ్ చచ్చిపోలేదనుకుంటారేమోనని థియాకు భయమేసింది. బతికినన్నాళ్లూ ఎవరికీ పట్టని పిల్ల, పోయిందంటే కూడా నమ్మరా? ఆమె రెండు చేతులతో ఎదుటి కమ్మీని పట్టుకుంది.

"అయ్యా, కాగితం లేదు. తద్దినం ఉంది. ఏటా పెట్టేదాన్ని. ఈ మూడేళ్లే మానేశాను, బతికుందని చెప్పుకున్నాను గనక. మూడేళ్లుగా అది పస్తులుంటోంది. తొమ్మిదో నెల పదహారు..."

"పందొమ్మిదక్కా."

అన్నది లువా. బోనులో నుంచి, గొంతు పెంచకుండా, పక్కన కూర్చున్న మనిషిని దిద్దినట్టు.

"పదహారు మీ అమ్మది, రెండో నెలలో. దీనిది పందొమ్మిది. తప్పు రోజు పెట్టకు, దానికి అందదు."

ఎదుటి మనిషిని దిద్దబోయి తనే దొరికిపోయే తప్పు ఆ కాలవల మధ్య పుట్టిన మనిషే చెయ్యగలదు. ఊరందరినీ ముంచిన నోరే తద్దినం తిథి తప్పిపోతుంటే ఊరుకోలేకపోయింది. తను ఏమన్నదో లువాకు అన్నాక తెలిసింది. ఖాయ్ కళ్లు మూసుకున్నాడు. గుమస్తా మాత్రం రాసుకుంటూనే ఉన్నాడు.

ఆ రోజు సంగతి నిందితురాలికి ఎలా తెలుసని న్యాయమూర్తి అడిగాడు.

లువా కాసేపు లాయరు వైపు చూసింది. తర్వాత ఆ చూపు వదిలేసింది. "ఏటా నేను వెళ్లేదాన్నండి," అంది. "ఇంకెవరూ వచ్చేవాళ్లు కాదు."

ఆ తర్వాత మిగతా ముగ్గురి పేర్లూ తనే కల్పించానని ఒప్పుకుంది. పాత అప్పుల వడ్డీకి మొదటి పాట వాడుకుందట, దాన్ని పూడ్చడానికి రెండోది, అలా అలా. థియా డబ్బు కూడా అందులోనే పోయింది గనక ఆమెకు ఇందులో భాగం లేదని కోర్టు తేల్చింది. లువాకు ఎనిమిదేళ్లు వేశారు. డబ్బు ఎవరికీ పూర్తిగా వచ్చేది లేదని అందరికీ తెలుసు. తీసుకుపోతుంటే లువా థియా పక్క నుంచే నడిచింది. ఇద్దరూ ఒకరినొకరు చూసుకోలేదు.

తిట్లు ఆగిపోయాయి. సుయెన్ మళ్లీ పొట్లం కొనుక్కోవడానికి వచ్చింది. ఏదో అనబోయి, డబ్బులిచ్చి వెళ్లిపోయింది. అందరూ అంతే. కసిరేవాళ్లు లేరు, పలకరించేవాళ్లూ లేరు. ఏమని పలకరిస్తారు? మూడేళ్లుగా ఆ నోళ్లకు అలవాటైన ప్రశ్న ఒక్కటే, దానికిప్పుడు మనిషి లేదు. ఒక్కోసారి ఎవరైనా ఆగితే థియా చెవులు ఆ మాట కోసమే ఎదురుచూసేవి. వాళ్లు చిల్లర కోసం ఆగేవాళ్లు.

తొమ్మిదో నెల పందొమ్మిది నాడు ఆమె గిన్నె పెట్టుకుని బజారుకు పోలేదు. కొబ్బరినీళ్లలో పంది మాంసం ఉడికించింది, గుడ్లు వేసింది, కొబ్బరిపాలలో అరటిపళ్లు వండింది. అగరుబత్తి వెలిగించి, ఆలస్యమైందని, చెప్పు సంగతి మరిచిపోలేదని అక్కకు చెప్పుకుంది. అగరుబత్తి ఆరాక తను తింది. తర్వాత చేతులు వాటంతట అవే ఇంకో ఆకు పరిచాయి. కొంచెం అన్నం, రెండు ముక్కలు, ఒక గుడ్డు, విడిగా డబ్బాలో అరటి పాయసం. కట్టడం అయ్యాక ఆమె దాన్ని చూస్తూ కూర్చుంది. అది ఎవరి వాటానో తెలుసు.

బస్సులో గంటన్నర. జైలు గేటు పక్కన ఒక కిటికీ, ముందు సంచులు పట్టుకుని మనుషులు. థియా వంతు వచ్చింది. గుమస్తా ఖైదీ పేరు రాసుకుని, తల ఎత్తకుండానే అడిగాడు.

"ఏమవుతావు? రక్తసంబంధీకులవే తీసుకుంటాం."

'అక్కను' అంటే చాలు. తను ఆరోది, ఆమె ఎనిమిదోది. మధ్యలో ఏడో వాళ్లెవరని ఇతను అడగడు, ఎవరూ అడగరు. వరుస కుదురుతుంది, నమ్మేస్తాడు. మాట నాలుక మీదకు వచ్చేసింది కూడా. వెనక ఎవరో తొందరపెట్టారు.

"ఏమీ కాను బాబూ," అంది థియా.

అతను పొట్లం వెనక్కి తోశాడు.

తిరుగు బస్సుకు ఇంకా టైముంది. రోడ్డు పక్క సిమెంటు బల్ల మీద కూర్చుని ఆమె ఆకు విప్పింది. తద్దినం అన్నం పారెయ్యకూడదు. లువా వాటా మొదటి ముద్ద నుంచి చివరి దాకా తనే తింది. పాయసం దగ్గరికి వచ్చేసరికి ఏడుపొచ్చింది, అయినా తింది. డబ్బా కుళాయి కింద కడిగి, సంచిలో పెట్టుకుని బస్సు కోసం చూస్తూ కూర్చుంది.